దురాయి వేసిన నంబరు

పోస్టుమ్యాన్ హజరత్తయ్య తెచ్చి ఇచ్చిన రిజిస్టరు కాగితం దగ్గర మొదలైంది ఇదంతా. ఆదాయపు పన్ను వాళ్ళు పంపిన కాగితం. నా భార్య వనజాక్షికి మూత్రపిండాల జబ్బని, రెండేళ్ళు వరసగా వైద్యం చేయించానని, ఆ ఖర్చు చూపించి, నా పడవను బాడుగకు పెట్టుకున్న కంపెనీ నాకిచ్చే డబ్బులో పట్టుకున్న పన్ను వెనక్కి తీసుకున్నానని అందులో ఉంది. ఆసుపత్రి బిల్లులు చూపించమన్నారు.

వనజాక్షికి మూత్రపిండాల జబ్బు లేదు. ఆమె పోయి మూడేళ్ళు దాటింది. ఇసుకలో ఎండబెట్టిన నెత్తళ్ళ చేపలు తిరగేస్తూ పొద్దున పడిపోయింది, మధ్యాహ్నానికి పోయింది. ఒక్క మాత్ర మింగలేదు. కాగితం మీద మాత్రం ఆమెకు ఇంకా వైద్యం జరుగుతోంది.

ఇది నేను చేసింది కాదు అని జవాబు రాయాలి. ఆ జవాబు వాళ్ళ వెబ్‌సైటులో నా ఖాతా తెరిచి రాయాలి. ఖాతా తెరుచుకోదు. నా పాత డైరీలో ఉన్న పాస్‌వర్డును కావలిలో నెట్ సెంటరు నడిపే హబీబ్ ఐదు సార్లు కొట్టి చూశాడు. ఐదోసారికి ఖాతాకు తాళం పడింది. తాళం తీయాలంటే ఆధార్‌కు కట్టిన ఫోనుకు ఆరంకెల ఓటీపీ వస్తుంది, అది చెప్పాలి. ఆ ఫోను నాది కాదు.

మా ఉప్పుటేటిపాళెంలో ఎవరి కాగితాల్లోనూ వాళ్ళ ఫోను నంబరు ఉండదు. నడిసముద్రంలో టవర్ అందదు. గ్యాసు, రేషను, బ్యాంకు, ఆధార్, ఏ దరఖాస్తు అయినా ఒడ్డున ఉండేవాడి నంబరే రాయించాం. ఒడ్డున ఉండేవాడు పెంచల్. పడవ మీద వల లాగే యంత్రంలో కాలు నలిగి వేట మానేసిన మనిషి. వనజాక్షికి పిన్నమ్మ కొడుకు, నాకు బావమరిది. అరవై పడవల వాళ్ళ మెసేజీలు అతని జేబులో మోగేవి. పడవలు ఒడ్డుకు చేరగానే ఎవరిది వాళ్ళకు చదివి చెప్పేవాడు.

ఆ పెంచల్ మీద మూడేళ్ళ కిందట నేనే దురాయి వేయించాను. నేను ఈ ఊరి పెద్దకాపును, తగవులు తీర్చే పెద్దను. వనజాక్షి పడిపోయిన రోజు నేను సముద్రం మీద ఉన్నాను. నాకు కబురు అందించాల్సిన వైర్‌లెస్ సెట్టు పెంచల్ చేతిలో ఉంది. కబురు రాలేదు. మూడో రోజు ఒడ్డు చేరేసరికి ఆమెను మట్టి చేసి ఉన్నారు. దురాయి అంటే ఊరు ఒక ఇంటిని వదిలేయడం. ఆ ఇంటికి నిప్పు ఇవ్వరు, సరుకు అమ్మరు, ఆటో ఎక్కించుకోరు. ఆ ఇంటివాళ్ళతో మాట్లాడినవాడు తప్పు కట్టాలి, అంటే జరిమానా, వాడి పడవ నెల రోజులు ఒడ్డున కట్టేస్తారు.

ఆధార్‌లో నంబరు మార్చుకుందామని పోయాను. తాళ్ళు లాగి లాగి నా వేళ్ళు అరిగిపోయాయి, మిషను పట్టలేదు. కంట్లో పొర, అదీ పట్టలేదు. మళ్ళీ రమ్మన్నారు, నెల పట్టొచ్చన్నారు. నా కొడుకు వినోద్‌ను అడిగాను. "నాకేం తెలుసు నాయనా" అన్నాడు, వల బాగుచేస్తూ, తల ఎత్తకుండా.

జవాబుకు గడువు ఈ రోజే ఆఖరు.

మధ్యాహ్నం మూడింటికి నేను పెంచల్ ఇంటికి బయలుదేరాను. అతని ఇల్లు పాళెం కొసన, సరుగుడు తోపు పక్కన ఉంది. తోపులోంచి పోతే ఎవరికీ కనపడను. నేను వీధిలోంచే నడిచాను. చాటుగా దురాయి తప్పినవాళ్ళను నేను చాలామందిని పట్టుకున్నాను. అప్పుడు వాళ్ళ ముఖాలు ఎలా ఉంటాయో నాకు తెలుసు.

కుళాయి దగ్గర ముసలమ్మ బిందె పట్టుకుని నిలబడి ఉంది.

"ఏం పెద్దకాపూ, ఇటు పోతుండావు? దారి తప్పినావా?"

"తప్పలే."

"అయితే పడవ మీద గోతం కప్పుకో. నెల రోజులు ఒడ్డునుంటే ఇంజను తుప్పు పట్టిపోద్ది."

పక్కన ఉన్న ఆడవాళ్ళు నవ్వారు. నవ్వు ఆపుకోవడానికి ఎవరూ కష్టపడలేదు. పోయిన ఏడాది పెంచల్ భార్య కామమ్మకు అగ్గిపెట్టె ఇచ్చిందని ముసలమ్మ చేత నేను తప్పు కట్టించాను. ఆమె అది మరిచిపోలేదు. మరిచిపొమ్మని నేనూ చెప్పను.

కామమ్మ వాకిట్లో కూర్చుని చేటలో బియ్యం ఏరుతోంది. నన్ను చూసి లేచింది. తిడుతుందనుకున్నాను. తిట్లకు సిద్ధపడే వచ్చాను. ఆమె చేట కింద పెట్టి, కొంగు సర్దుకుని, లోపలికి తిరిగి కేక వేసింది.

"ఏమయ్యో! అన్న వచ్చినాడు! నేను చెప్పలా, ఎన్నాళ్ళకైనా మనిషే వస్తాడని? చెప్పలా నీకు?"

ఆమె కళ్ళలో నీళ్ళు ఉన్నాయి. నాకు అర్థం కాలేదు. మూడేళ్ళు నిప్పు లేకుండా చేసినవాడిని చూసి ఎవరైనా సంతోషిస్తారా?

పెంచల్ కర్ర ఊతతో గడప దాటి వచ్చాడు. జుట్టంతా నెరిసింది. నాకంటే పదేళ్ళు చిన్నవాడు.

"కూర్చో బావా."

"నిలబడే చెప్తా."

కామమ్మ చెంబుతో నీళ్ళు తెచ్చింది. నేను తీసుకోలేదు. ఆమె చెంబు నా దగ్గరగా అరుగు మీద పెట్టింది, నేను తర్వాత తాగుతానన్నట్టు.

"బావా, ఆ పొద్దు సెట్టు పలకలేదు. నాలుగు సార్లు..." అని పెంచల్ మొదలుపెట్టాడు.

"ఆ సంగతికి రాలే."

"మరి?"

"నీ ఫోనుకు నా పేరున ఒక నంబరు వస్తాది. అది చెప్పు. పోతా."

పెంచల్ నవ్వాడు. పళ్ళు రెండు లేవు.

"నాతో మాట్లాడితే తప్పు. నా పొయ్యిలో నిప్పు తప్పు. నా ఫోనుకు మాత్రం దురాయి లేదా?"

"నా పేరున వచ్చేది నాదే."

"నీదే అయితే పిలువు. దానంతట అదే నీ దగ్గరికి నడిచొస్తాదేమో చూద్దాం."

"అన్నను ఏంది ఆ మాటలు?" అని కామమ్మ మొగుడిని కసిరింది. "ఫోను తీసి ఇయ్యి. ఇంత చేసిన మనిషికి ఆ మాత్రం చెయ్యలేమా?"

ఇంత చేసిన మనిషి. అది ఎగతాళి అనుకున్నాను. ఆమె ముఖంలో ఎగతాళి లేదు.

నా ఫోను మాటలకు మాత్రమే పనికొచ్చే బొత్తాల ఫోను. హబీబ్‌కు చేసి, స్పీకరు పెట్టి అరుగు మీద ఉంచాను.

"చెంచయ్యన్నా, సిద్ధమా? నొక్కతుండా. వచ్చినాక పదిహేను నిమిషాలే పనిచేస్తాది, ఆలస్యం చెయ్యమాక," అన్నాడు హబీబ్.

పెంచల్ చేతిలో ఫోను మోగింది. అతను కళ్ళజోడు పెట్టుకుని దూరంగా పట్టుకుని చూశాడు.

"ఇదే గదా. పోయిన రెండు సార్లూ ఇట్టాంటిదే వచ్చింది."

"రెండు సార్లా?"

"తెలియనట్టు అడగతావేంది బావా? ఏడాదికొకసారి, జూలై నెలలో. నువ్వు పంపిస్తేనే గదా వాడు వచ్చింది?"

"ఎవరు?"

పెంచల్ కామమ్మ వైపు చూశాడు. కామమ్మ జవాబు చెప్పింది.

"ఎవరేంది అన్నా? మన వినోద్."

నాకు తెలిసిన సంగతే అనుకుంది ఆమె. మెల్లగా, ఓదార్చినట్టుగా చెప్పుకుపోయింది.

"ఇంక దాచేదేముంది లే, నువ్వే వచ్చినాక. దురాయి వేసిన మూడో నెలలోనే వచ్చినాడు, తోపులోంచి, బియ్యం మూట భుజాన ఏసుకోని. అప్పటికి మేము గంజికి గూడా లేకుండా ఉండాము. కావలికి నడిచి పోదామంటే ఈయన కాలు సాగదు, నన్ను ఆటో ఎక్కనీరు. ఆ పొద్దు నుంచి నెల తప్పలేదు. వేట ఆపేసిన రెండు నెలలు గూడా తెచ్చినాడు. ఎక్కడిదిరా అంటే, నాయన పంపినాడు అత్తా, నోరెత్తమాక, పెద్దకాపు గదా, బయటపడితే ఊళ్ళో తలెత్తుకోలేడు అన్నాడు. నేను మూట దించుకున్న ప్రతిసారీ నీ పేరు చెప్పి పోలేరమ్మకు దండం పెట్టినా అన్నా. మూడేళ్ళు."

"ఓటీపీ ఎందుకని అడగలేదా?"

"నాయనకు కావాలంట అన్నాడు," అన్నాడు పెంచల్. "నువ్వు బియ్యం పంపతుండావు. నీ నంబరు నీకు చెప్పడానికి నేను ఎందుకని అడగాల్నా?"

"నేను పంపలేదు."

"ఏంది?"

"బియ్యం. ఒక్క గింజ నేను పంపలేదు. పంపాలని అనుకోనూ లేదు."

అబద్ధం చెప్పి కామమ్మను సంతోషపెట్టి ఉండవచ్చు. అబద్ధాలతో పని జరుపుకునేవాడినైతే నేను ఆ వాకిట్లోకి రావలసిన అవసరమే లేదు.

ఆమె ఏడవలేదు. వంగి, అరుగు మీద ఉన్న నీళ్ళ చెంబు తీసి, నీళ్ళు వాకిట్లో ఇసుకలో పారబోసింది.

"సరే. ఎవరు పంపినారో ఇప్పటికి తెలిసింది," అంది.

దురాయి వేసిన రోజు పెద్దల కూటంలో నిప్పు ఆపాలని నేను చెప్పాను. నీళ్ళు కూడా ఆపాలని లేచి అరిచింది వినోద్. ఇరవై ఆరేళ్ళవాడు తల్లి కోసం అంత గట్టిగా అరిచాడని ఆ రోజు నేను గర్వపడ్డాను. నా జీవితంలో నేను పడిన గర్వం తక్కువ. అందులో ఇది ఒకటి.

"అన్నా, నంబరు," అని హబీబ్ ఫోనులోంచి అడిగాడు. అతను అంతా విన్నాడు. విననట్టు అడిగాడు.

పెంచల్ ఆరు అంకెలూ ఒక్కొక్కటే చదివాడు. తప్పు లేకుండా, రెండోసారి అడిగే పని లేకుండా.

"ఇది నీది. తీసుకుపో. నీ బాకీ నాకొద్దు," అన్నాడు.

హబీబ్ కొత్త పాస్‌వర్డు పెట్టాడు. కాసేపటికి తాళం తెరుచుకుందన్నాడు. పది రోజులు ఆ మాట కోసం కావలికీ పాళేనికీ తిరిగాను. విన్నాక ఏమీ అనిపించలేదు.

"రెండు రిటర్నులు ఉండాయి అన్నా. రెండింట్లోనూ అదే. భార్య వనజాక్షి, నీ మీద ఆధారపడిన మనిషి, చికిత్స జరుగుతుండాది అని. వదిన బతికే ఉన్నట్టు రాసినారు."

"ఇంకోసారి చదువు."

"ఏది?"

"ఏం లేదు. వదిలెయ్. జవాబు రాయి."

"ఏమని?"

"నేను చెయ్యలేదు అని."

హబీబ్ గొంతు తగ్గించాడు. "అన్నా, ఆ ఒక్క ముక్కకు ఎవరూ నమ్మరు. ఖాతా నీది, నంబరు నీ ఆధార్‌ది, వెనక్కొచ్చిన డబ్బులు పడింది నీ బ్యాంకులోనే. నువ్వు కాదంటే ఎవరో చెప్పాల. లేదంటే ఇంకో దారుండాది. పొరపాటైంది, కట్టేస్తామని రాద్దాం. కడితే పోద్ది. ఊళ్ళో ఎవరికీ తెలియదు."

నా బ్యాంకు కార్డు వినోద్ దగ్గరే ఉంటుంది. డీజిలుకు, ఐసుకు వాడే తీస్తాడు. నేను లెక్క అడగను. కొడుకును లెక్క అడగాలని నాకు తోచలేదు.

"ఒప్పేసుకో బావా," అన్నాడు పెంచల్. "కట్టేస్తే పోయేదానికి బిడ్డను ఎందుకు బయటికి లాగతావు?"

"చెయ్యని తప్పు నేను ఒప్పుకోను."

"చేసిన తప్పులు మాత్రం ఎన్ని ఒప్పుకున్నావు?" అంది కామమ్మ.

నేను ఆమె వైపు చూడలేదు. ఫోను దగ్గరికి వంగాను.

"హబీబూ, రాసుకో. ‘ఈ రిటర్నులు నేను వేయలేదు. నా కొడుకు వినోద్ నాకు తెలియకుండా వేశాడు. నా భార్య వనజాక్షి మూడేళ్ళ కిందట చనిపోయింది. ఆమెకు నేను ఏ వైద్యమూ చేయించలేదు.’ అంతే."

అవతల కీబోర్డు చప్పుడు వినపడింది. ఆగింది. మళ్ళీ వినపడింది.

"అన్నా," అంది కామమ్మ, "మూడేళ్ళు వాడు ఆ బియ్యం దేంతో కొన్నాడో అడగవా?"

"అడగను."

"ఆ డబ్బులతోనే కొన్నాడేమో."

"దేంతో కొన్నా నా పెళ్ళాం శవం మీద సంతకం పెట్టి కొన్నాడు."

పెంచల్ ఏదో అనబోయాడు. అప్పుడే హబీబ్ మళ్ళీ పలికాడు.

"రాసినా అన్నా. పంపాలంటే ఇంకో ఓటీపీ కావాల. సంతకం బదులు అది. అదీ ఆధార్ ఫోనుకే వస్తాది. నొక్కినా."

పెంచల్ ఫోను మోగింది. అతను చూశాడు. పెదవులు కదిలాయి, అంకెలు లోపలే చదువుకున్నాడు. కళ్ళజోడు తీసి మడిచి జేబులో పెట్టుకున్నాడు.

"చెప్పు," అన్నాను.

"చెప్పను బావా."

"మొదటిది చెప్పినావు గదా?"

"అది నీ తాళం తియ్యడానికి. ఇది వాడి మెడకు వెయ్యడానికి. మూడేళ్ళు వాడి చేతి కూడు తిన్నాం. ఆ అంకెలు ఈ నోట్లోంచి రావు."

"అది నా సంతకం. ఆపే హక్కు నీకు లేదు. ఊరి పెద్దలను పిలిపిస్తా."

"పిలిపించు. ఏం చేస్తావు? దురాయి వేస్తావా?"

కామమ్మ పెద్దగా నవ్వింది. మూడేళ్ళలో ఆ ఇంట్లో ఎవరైనా అలా నవ్వారో లేదో నాకు తెలియదు. నవ్వు ఆగాక మొగుడి చేతిలోంచి ఫోను తీసుకుని నా చేతిలో పెట్టింది.

"నువ్వు ఐదో క్లాసు చదివినావు గదన్నా, అంకెలొచ్చు. నీ కొడుకు పేరు నువ్వే చెప్పినావు, ఆ నంబరు గూడా నువ్వే చెప్పుకో. మేము చూడలే, వినలే. ఫోను అరుగు మీద పెట్టి పో."

పెంచల్‌ను లోపలికి పిలిచి తలుపు వేసింది. గడియ పెట్టిన చప్పుడు విన్నాను. వెలేసిన ఇంటివాళ్ళు పెద్దకాపు ముఖం మీద తలుపు వేశారు. కుళాయి దగ్గర ఆడవాళ్ళు బిందెలు నిండినా కదలలేదు.

"పది నిమిషాలుండాది అన్నా," అన్నాడు హబీబ్. "కావాలంటే ఆ వినోద్ ముక్క తీసేస్తా. నువ్వు ఊఁ అను చాలు."

"తియ్యమాక."

ఫోనును కళ్ళకు దగ్గరగా పట్టుకున్నాను. పొర అడ్డం వచ్చింది. ఒక కన్ను మూసి చూశాను. అంకెలు కుదురుకున్నాయి.

"నాలుగు," అన్నాను. "సున్నా. తొమ్మిది."

నాలుగో అంకె చదవబోతుంటే ఫోను నా చేతిలో మోగడం మొదలుపెట్టింది. మెసేజీ మాయమై తెర నిండా ఒక పేరు వచ్చింది. వినోద్ అల్లుడు.

కట్ చేసేయవచ్చు. ఎర్ర గుర్తు అక్కడే ఉంది. నేను పచ్చది నొక్కాను. మాట్లాడలేదు.

"మామా," అన్నాడు వినోద్. వెనక చాలామంది గొంతులు వినపడుతున్నాయి. "నాయన మీ ఇంటికి వచ్చినాడంట. ఓటీపీ కోసమే వచ్చుంటాడు. ఇచ్చెయ్. నా పేరే రాసుకోమను, నేను కాదనను."

వాడి గొంతులో భయం లేదు. అది నాకు నచ్చలేదు.

"వింటుండావా మామా? నేను పడవల షెడ్డు కాడ ఉండా. పెద్దలందరినీ నేనే పిలిపించినా. మూడేళ్ళు దురాయి తప్పింది నేనే అని చెప్పేసినా. నాయన గూడా ఈ పొద్దు తప్పినాడు గదా, ఊరంతా చూసింది. ఇద్దరికీ ఒకే తప్పు వెయ్యాలంటుండారు. పెద్దకాపు రాకుండా తీర్పు చెప్పగూడదంట. బిన్నా రమ్మను నాయనను, ఆలస్యం చెయ్యొద్దను. అందరూ ఆయన కోసమే కూర్చోని ఉండారు."

వాడు పెట్టేశాడు. ఆరు అంకెలు మళ్ళీ తెర మీదికి వచ్చాయి.

"అన్నా, మూడే చెప్పినావు," అన్నాడు హబీబ్. "మిగతా మూడు?"